మావయ్య దగ్గు, అత్తయ్య బ్రేకు

మా అత్తయ్యకి స్కూటరు నేర్పాలన్న ఆలోచన ఎవరిదని ఇప్పుడు అడిగి చూడండి, ఇంట్లో అందరూ చెయ్యెత్తుతారు. మా ఆయనైతే రెండు చేతులూ ఎత్తుతాడు. ఆ రోజు మాత్రం ఒక్కరికీ నోరు పెగల్లేదు. ఆలోచన అత్తయ్యదే, పట్టుదల అత్తయ్యదే, పడ్డప్పుడు దోక్కుపోయిన మోచెయ్యి కూడా అత్తయ్యదే. నేను పక్కన నిలబడి చప్పట్లు కొట్టాను. ఆ మాత్రం వాటా నాకుంది, దాన్ని ఎవరికీ ఇవ్వను.

అత్తయ్య కుట్టుమిషన్లు బాగుచేస్తుంది. వాళ్ళ నాన్నగారికి కొడుకులు లేక కాదు, ఉన్న కొడుకులకి చేతికి నూనె అంటుకోవడం ఇష్టం లేక ఆ విద్య కూతురికి అబ్బింది. ఎవరింట్లో దారం పదే పదే తెగినా, కుట్టు గెంతినా, చక్రం బిగుసుకుపోయినా ముందు గుర్తొచ్చేది ఆవిడే. వెళ్ళగానే మిషను విప్పదు. చక్రం ఒకసారి నెమ్మదిగా తిప్పి, తల వాల్చి వింటుంది. ఆ తరవాత మిషన్ని వదిలేసి మనిషిని పట్టుకుంటుంది. "నూనె వేసి ఎన్నాళ్ళయింది? నువ్వుంటావా ఇన్నాళ్ళు తిండి లేకుండా?" అని కడిగేస్తుంది. తిట్లు తిన్నవాళ్ళే మళ్ళీ ఫోను చేసి పిలుస్తారు. అదేం చిత్రమో నాకు ఇప్పటికీ తెలీదు. నాకు ముక్కు మీద కోపం, ఆవిడకి నాలుక మీద. అయినా మా ఇద్దరికీ పడుతుంది. ఎందుకంటే ఇద్దరం ఒకేసారి అరిస్తే ఎవరి మాటా ఎవరికీ వినపడదు.

అత్తయ్యని ఇంటింటికీ తిప్పేది మావయ్య. ఆయనకో పాత గేర్ల స్కూటరుంది. దాన్ని పక్కకి వంచి, కాసేపు బతిమాలి, అప్పుడు కిక్కు కొడితేగానీ లేవదు. ముందు మావయ్య, వెనక పక్కకి తిరిగి కూర్చున్న అత్తయ్య, ఆవిడ ఒళ్ళో పనిముట్ల ఇనప్పెట్టె. పెళ్ళయిన కొత్తలో మావయ్య పనిచేసే మిల్లు మూతపడిందట. ఇంకో ఉద్యోగం దొరికేదాకా దింపుతానన్నారట. ఆ ఉద్యోగం దొరకలేదో, ఈయన వెతకలేదో మరి. జనం ఆవిడని మెకానిక్కమ్మ అంటారు, ఈయన్ని మెకానిక్కమ్మగారి ఆయన అంటారు. ఆ పిలుపుకి మావయ్య ఎప్పుడూ చిన్నబుచ్చుకోలేదు. మాటలన్నీ ఆవిడ పుట్టినప్పుడే పట్టుకుపోయింది, ఈయనకి మిగిలింది తలూపడం. ఆ తలూపడంలోనే అవును, కాదు, చూద్దాం, నీ ఇష్టం అన్నీ ఉంటాయి. కాపరానికొచ్చిన కొత్తలో నాకు ఒకటే తెలిసేది, ఇప్పుడు అన్నీ తెలుస్తాయి.

ఇళ్ళలో కాళ్ళతో తొక్కే మిషన్లు ఇప్పుడు తగ్గిపోయాయి. అందరూ కుట్టిన బట్టలే కొనుక్కుంటుంటే ఇంకెవరు తొక్కుతారు? ఇంకొకరైతే పాత రోజులు తలుచుకుని నిట్టూర్చేవారు. అత్తయ్యకి నిట్టూర్చడం రాదు. పెద్ద రోడ్డు అవతల కొత్తగా కుట్టుశాల పెట్టారనీ, వరసలు వరసలుగా మోటారు మిషన్లు దింపారనీ తెలియగానే పెట్టె పట్టుకుని వెళ్ళి గుమ్మంలో నిలబడింది. "మోటారుంటే ఏం? గుడ్డలోకి దిగాల్సింది సూదే కదా!" అందట. వాళ్ళు నవ్వి ఒక మిషను చూపించారు. తరవాత ఇంకొకటి. ఆ కుట్టుశాల మేడమ్ మితభాషి, కానీ కళ్ళున్న మనిషి. ఒక రోజు పిలిచి, "మిషన్లన్నీ మీకే అప్పగిస్తాను. ఒకటే షరతు. ఆగిందని ఫోను చేస్తే వెంటనే రావాలి. ఒక్కటి ఆగితే దాని వెనక వరసంతా చేతులు కట్టుకుని కూర్చుంటుంది" అంది.

ఆ సాయంత్రం అత్తయ్య ఇంట్లోకి నడిచి రాలేదు, తేలి వచ్చింది. చెప్పులు ఒకటి గుమ్మంలో, ఒకటి వంటింట్లో. "ఇన్నాళ్ళూ ఇంటికో మిషను! ఇప్పుడు హాలు నిండా మిషన్లే, అమ్మాయ్! ఒకేసారి అన్నీ మోగుతుంటే ఎలా ఉంటుందో తెలుసా?" అని నా భుజాలు పట్టి ఊపేసింది. ఈ వయసులో పెద్ద పని దొరికిన మనిషి మొహం ఎలా ఉంటుందో నేను అప్పుడే చూశాను. ఆ సంతోషం నాకూ అంటుకుని ఆ పూట ఆఫీసు వాళ్ళతో కంప్యూటర్లో మీటింగులో కూడా నవ్వుతూనే కూర్చున్నాను.

సంతోషం సద్దుమణగక ముందే మావయ్య స్కూటరుతో నీళ్ళ క్యాన్ల బండిని గీరేశారు. ఎవరికీ దెబ్బ తగల్లేదు. క్యాన్లు రోడ్డంతా దొర్లాయి, మావయ్య వాటి వెనక పరిగెత్తారు. అత్తయ్య బండివాణ్ణి తిట్టబోయి, మావయ్య మొహం చూసి ఆగిపోయింది. ఆయన పక్కనుంచి దొర్లుతున్న క్యాను ఆయనకి కనపడలేదు. కంటి డాక్టరు అంతా చూసి, "ఎదురుగా ఉన్నది బాగానే కనిపిస్తుంది, పక్కలనుంచి వచ్చేది కనిపించదు. చూపు అంచులనుంచి మూసుకుంటోంది. ఉన్నది కాపాడుకుందాం. బండి మాత్రం ఇక ముట్టుకోకండి" అన్నాడు.

మా ఆయన మంచివాడే. మంచివాళ్ళకి ఒక జబ్బుంటుంది, అందరి తరఫునా వాళ్ళే తేల్చేస్తారు. ఆ రాత్రి భోజనాల దగ్గర తేల్చేశాడు.

"అమ్మా, ఇక చాలు. నాన్న పని అయిపోయింది, నువ్వూ ఆపెయ్. హాయిగా ఇంట్లో ఉండండి."

మావయ్య చేతిలో ముద్ద చేతిలోనే ఉండిపోయింది. అయిపోయింది అన్న మాట మీదే ఆయన ఆగిపోయారని నాకు తెలిసింది. కొడుక్కి తెలియలేదు.

"కుట్టుశాల సంగతి?" అంది అత్తయ్య.

"కావాలంటే ఫోనులో కారు పిలుచుకో. రెండు నొక్కులు నొక్కితే గుమ్మంలోకొస్తుంది."

అత్తయ్య సరేనని అది కూడా చూసింది. కుట్టుశాలనుంచి ఫోను రాగానే నేనే రెండు నొక్కులు నొక్కాను. కారు మా వీధి అవతలి కొసకొచ్చి ఆగింది. డ్రైవరు ఇటు రానంటాడు, ఈవిడ అటు నడవనంటుంది, నేను మధ్యలో ఫోనుతో కాలుగాలిన పిల్లిలా తిరుగుతున్నాను. చివరికి అత్తయ్య చేరేసరికి అక్కడ ఒక వరసంతా సగం కుట్టిన చొక్కాలు ఒళ్ళో పెట్టుకుని కబుర్లాడుతోందట. మేడమ్ కోప్పడలేదు. "నెలాఖరుదాకా చూస్తాను. కుదరకపోతే చెప్పండి, ఇంకొకళ్ళు అడుగుతున్నారు" అంది. కోప్పడినా బాగుండేది. అత్తయ్య ఇంటికొచ్చి పెట్టె కింద పెట్టి, మంచినీళ్ళు తాగి, గ్లాసు బోర్లించి చెప్పింది.

"బండి నేను నడుపుతాను."

మా ఆయన నవ్వాడు. నేను అతని వంక చూశాను. నవ్వు ఆపేశాడు. "ఈ వయసులోనా? పోనీ గేర్లు లేని కొత్త బండి కొంటాను, అదైతే..." అని నసిగాడు.

"దాని గొంతు నాకు తెలీదు. దీని గొంతు తెలుసు. ఎక్కడ గేరు అడుగుతుందో, ఎక్కడ మూలుగుతుందో వెనక కూర్చుని వినలేదా నేను?" అంది అత్తయ్య. తాను పట్టిన కుందేలుకి మూడే కాళ్ళు. మావయ్య మెల్లగా లేచి గోడకి తగిలించిన తాళంచెవి తీసి ఆవిడ ముందు పెట్టారు. తల కూడా ఊపలేదు.

మర్నాటినుంచి పొద్దున్నే పాత గోడౌను వెనక ఖాళీ స్థలంలో మా సర్కసు మొదలైంది. మొదటిరోజు అత్తయ్య ముందు సీట్లో కూర్చుని వీధివైపు చూసి, "ఇదెప్పుడు ఇంత వెడల్పయింది?" అంది. అప్పుడు అర్థమైంది నాకు. ఇన్నేళ్ళూ పక్కకి తిరిగి కూర్చున్న మనిషి రోడ్డుని ఎప్పుడూ ఎదురుగా చూడలేదు. పోతూ ఒక వరస ఇళ్ళు, వస్తూ ఇంకో వరస ఇళ్ళు చూసింది, అంతే. ఏ ఇంటి కిటికీకి ఏ రంగు వేశారో చెప్పగలదు, మలుపు ఎక్కడుందో చెప్పలేదు.

నేర్పేది మావయ్య. వెనక సీటు ఆయనది. అక్కడ పెద్ద చిక్కొచ్చింది. ఆయన నోరు తెరిచి "క్లచ్చి" అన్నారో లేదో, అత్తయ్య బండి ఆపేసింది.

"చూడండి. వెనక కూర్చుని నాకు చెప్పొద్దు. చెబితే దిగిపోతాను."

"మరెలా నేర్పను?" అన్నారు మావయ్య. పాపం, న్యాయమైన ప్రశ్నే.

"ఏమో. చెప్పకుండా నేర్పండి."

నేనైతే అక్కడే బండి పడేసి ఇంటికి పోయేదాన్ని. మావయ్య పోలేదు. బండి మళ్ళీ కదిలింది. అత్తయ్య గోడవైపు దూసుకుపోతోంది, గోడ దగ్గరకొచ్చేస్తోంది, ఆయన చెప్పకూడదు. అప్పుడు దగ్గారు. ఖళ్, ఖళ్ అని రెండుసార్లు. అత్తయ్య బ్రేకు వేసింది. గోడకీ చక్రానికీ మధ్య పిల్లి పట్టేంత సందు కూడా లేదు. ఇద్దరూ ఒకళ్ళనొకళ్ళు చూసుకోలేదు, మాట్లాడుకోలేదు. కానీ ఒప్పందం కుదిరిపోయింది. ఒక దగ్గు అంటే నెమ్మది. రెండు దగ్గులంటే బ్రేకు. గొంతు సవరించుకుంటే గేరు మార్చు. దగ్గు సలహా కాదు కదా! ఎవరి పంతం వాళ్ళకి మిగిలింది, బండీ నడుస్తోంది. కాపరం చెయ్యడం అంటే ఇదేనేమో అని మా ఆయనకి చెబితే, "నువ్వు దగ్గితే నేను వింటానా?" అన్నాడు. దగ్గి చూశాను. వినలేదు.

ఆ రోజులు ఎంత బాగుండేవో చెప్పలేను. అత్తయ్య ఒకసారి పడింది. మోచెయ్యి దోక్కుపోయింది. లేచి ముందు బండి హ్యాండిలు చూసింది, తరవాత చెయ్యి చూసుకుంది. మొదటిసారి మూడో గేరులో గోడౌను చుట్టూ తిరిగొచ్చినప్పుడు చిన్నపిల్లలా "అమ్మాయ్! చూశావా! చూశావా!" అని అరిచింది. చూశానని నేనూ అరిచాను. వెనక సీట్లో మావయ్య రెండు చేతులతో సీటు పట్టుకుని కూర్చుని ఉన్నారు, మొహంలో భయమూ నవ్వూ కలగాపులగంగా. ఆ గోడౌను వాచ్‌మన్ కుర్చీ వేసుకుని రోజూ చూసేవాడు. ఒక రోజు మేం వెళ్ళకపోతే, మర్నాడు "నిన్న రాలేదే?" అని నిలదీశాడు.

లైసెన్సు పరీక్ష రోజొచ్చింది. కావలసింది ఒక్కటే. నేల మీద ఎనిమిది అంకె ఆకారంలో గీసిన దారిలో, కాలు కింద పెట్టకుండా బండి తిప్పాలి. అత్తయ్య గోడౌను వెనక కళ్ళు మూసుకుని తిప్పేది. కుట్టుశాల పెట్టిన గడువు ఇంకా ఉంది. మేం ముగ్గురం దర్జాగా వెళ్ళాం. అక్కడ వరసలో నిలబడ్డవాళ్ళంతా మా అత్తయ్య పిల్లల వయసువాళ్ళే. ఒకమ్మాయి, "ఆంటీ, ఎవరిని తీసుకొచ్చారు?" అని అడిగింది. "మా ఆయన్ని తీసుకొచ్చాను, దగ్గర పెట్టుకో కాసేపు" అని అత్తయ్య బండి ఎక్కింది.

మొదటి సున్నా చుట్టేసింది. వంపు తిరిగింది. రెండో సున్నాలోకి దిగింది. ఇన్‌స్పెక్టరు చేతిలో పెన్ను కూడా తీశాడు. సరిగ్గా అప్పుడు గేటులోంచి ఒక వ్యాను దుమ్ము రేపుకుంటూ లోపలికొచ్చింది. ఆ దుమ్మంతా మావయ్య మొహం మీద.

ఖళ్, ఖళ్.

అత్తయ్య బ్రేకు వేసింది. కీచుమని ఆగింది బండి, ఎడమ కాలు నేల మీద. చక్కగా, గట్టిగా, ఎవరూ కాదనడానికి వీల్లేకుండా నేల మీద.

"ఫెయిల్" అన్నాడు ఇన్‌స్పెక్టరు.

"ఎందుకు దగ్గారు?" అని అత్తయ్య బండి మీదనుంచే ఉరిమింది.

"దుమ్మే..." అన్నారు మావయ్య.

"దుమ్మయితే ఒక్కసారి దగ్గాలి! రెండుసార్లెందుకు దగ్గారు?"

ఇన్‌స్పెక్టరు ఇద్దరి మొహాలూ మార్చి మార్చి చూశాడు. "ఆయన దగ్గితే మీరెందుకాగారమ్మా?" అన్నాడు. ఆ ప్రశ్నకి జవాబు చెప్పాలంటే మా ఇంట్లో కాపరం ఉండి చూడాలి. నాకు ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చి, రెండూ రాకుండా చేసేందుకు కొంగు నోట్లో కుక్కుకున్నాను.

ఇంటికొచ్చేదాకా అత్తయ్య నోరు ఆపలేదు. వ్యానువాణ్ణి తిట్టింది, దుమ్ముని తిట్టింది, ఎనిమిది అంకె కనిపెట్టినవాణ్ణి తిట్టింది. మావయ్యని ఒక్క మాట అనలేదు. అదే ఆయనకి గుచ్చుకుంది. ఆవిడ తిట్టని రోజు ఆయనకి ఒంట్లో బాగుండదు.

మళ్ళీ పరీక్ష పెట్టే రోజు నెలాఖరుకి పడింది. అంటే ఆ రోజే కుట్టుశాల గడువు కూడా. తాడో పేడో ఆ ఒక్క రోజులోనే. ఆ పొద్దున మావయ్య చొక్కా వేసుకోలేదు. అరుగు మీద కూర్చుని ఉన్నారు.

"లేవండి, టైమవుతోంది" అంది అత్తయ్య.

"నేను రాను. నాకు మళ్ళీ దగ్గొస్తే?"

"ఆపుకోండి."

"ఆపుకుంటే ఇంకా వస్తుంది." ఆయన అత్తయ్య మొహంకేసి చూడకుండా అన్నారు. "నువ్వు నడపగలవు. నేను లేకుండానే నడపగలవు. వెళ్ళు."

అత్తయ్య ఏదో అనబోయింది. ఆవిడ అనబోయి అనకపోవడం నేను చూడడం అదే మొదలు. గిర్రున తిరిగి బండి పక్కకి వంచి, కిక్కు కొట్టింది. మొదటి కిక్కుకే లేచింది. నేను ఆఫీసుకి సెలవు పడేసి, ఒక ఆటో పట్టుకుని వెనకాలే వెళ్ళాను.

వరసలో నిలబడ్డప్పుడు ఆవిడ మాట్లాడలేదు. నాకు భయమేసింది. అత్తయ్య మాట్లాడకపోవడం కన్నా పెద్ద అపశకునం ఏముంటుంది? "అత్తయ్యా, గట్టిగా ఎవర్నయినా తిట్టండి, తేలికపడతారు" అన్నాను. "ఇప్పుడు కాదు. దాచుకుంటున్నా" అంది.

అదే ఇన్‌స్పెక్టరు. అత్తయ్యని చూసి గుర్తుపట్టాడు, "ఇవాళ ఆయన రాలేదా?" అన్నాడు. అత్తయ్య ఎక్కింది. మొదటి సున్నా. వంపు. బండి కొంచెం ఊగింది, ఆవిడ సర్దుకుంది. రెండో సున్నాలోకి దిగింది. నా పక్కన వరసలో ఒక పెద్దమనిషి, పాపం తన కూతుర్ని తీసుకొచ్చినట్టున్నాడు, చేత్తో నోరు మూసుకోకుండా నిండుగా దగ్గాడు.

ఖళ్, ఖళ్.

అతని నోరు నా చేత్తోనే మూసేద్దామా అన్నంత కోపమొచ్చింది. అత్తయ్యకేసి చూశాను. బండి ఆగలేదు. అదే వేగం, అదే వంపు, కాళ్ళు రెండూ బండి మీదే. రెండో సున్నా పూర్తిచేసి, గీత దాటి, మెల్లగా ఆపి, అప్పుడు దించింది కాలు.

ఇన్‌స్పెక్టరు "పాస్" అనక ముందే నేను అరిచాను. వరసంతా తిరిగి చూసింది. చూడనీ! వాళ్ళకేం తెలుసు? ఆ దగ్గిన పెద్దమనిషి కూడా ఎందుకో తెలియకుండానే చప్పట్లు కొట్టాడు. నేను పరిగెత్తి అత్తయ్యని పట్టుకున్నాను. చేతులు వణుకుతున్నాయి, ఆవిడవో నావో తెలీదు.

"దగ్గు వినపడలేదా అత్తయ్యా?"

"ఎందుకు వినపడలేదు? అది మీ మావయ్య దగ్గు కాదుగా" అంది.

ఆవిడ చెయ్యి ఇంకా నా చేతిలో ఉండగానే ఫోను మోగింది. కుట్టుశాల మేడమ్. రెండో వరసలో మిషను ఆగింది, రాగలరా అని. "వస్తున్నా" అంది అత్తయ్య. ఆ ఒక్క మాట అంటుంటే ఆవిడ గొంతు వినాలి! ఊరంతటికీ వినపడేలా అంది.

పెట్టె ఇంట్లో ఉంది. వెనక సీట్లో నేనెక్కాను. దారి పొడుగునా అత్తయ్య కొత్తగా చూస్తూ, "అదిగో మలుపు, అదిగో స్పీడు బ్రేకరు" అని నాకు చూపిస్తూ నడిపింది. నాకు తెలిసినవే. అయినా నేనూ కొత్తగానే చూశాను. ఇంటి గేటు దగ్గర మావయ్య నిలబడి ఉన్నారు. ఇనప్పెట్టె తుడిచి, గట్టు మీద పెట్టి ఉంది. మా మొహాలు చూడగానే ఆయనకి తెలిసిపోయింది. తలూపారు. ఆ ఊపులో ఎంత సంతోషం ఉందో, దాని అడుగున ఏముందో కూడా నాకు తెలిసింది. నేను దిగాను. ఆయన పెట్టెని స్కూటరు ముందు, కాళ్ళు పెట్టుకునే చోట సర్ది, తాడుతో కట్టడం మొదలుపెట్టారు.

"అదేంటి, అక్కడ కడుతున్నారు?" అంది అత్తయ్య. ఇంజను ఆపలేదు.

"ఒళ్ళో పెట్టుకోడానికి వెనక ఎవరూ ఉండరు కదా. కదలకుండా కడుతున్నా."

"మీరెక్కడికి పోతారు?"

"నేనెందుకు? నీకు వచ్చేసింది. వెనక కూర్చుని నేను చేసే పనేముంది?" ఆయన నవ్వుతూనే అన్నారు. ముడి వేస్తున్న చేతులు మాత్రం ముడి వెయ్యలేకపోతున్నాయి.

అత్తయ్య ఇంజను ఆపేసింది. తిడుతుందనుకున్నాను. పొద్దుట దాచుకున్నవన్నీ ఇప్పుడు బయటికొస్తాయనుకున్నాను. ఆవిడ గొంతు అంత కిందకి దిగుతుందని నాకెప్పుడూ తెలీదు.

"ఇన్నేళ్ళూ వెనక కూర్చున్నాను. నేను చేసింది పని కాదనుకున్నారా?"

మావయ్య తలెత్తారు.

"మిల్లు మూసేసిన రోజు మీరు ఈ బండి తీస్తే చేతులు వణుకుతున్నాయి. నేను వెనక ఎక్కి కూర్చున్నాను. ఆగాయి. గుర్తుందా? ఏం చేశాను నేను? కూర్చున్నాను. అంతే." ఆవిడ రెండు చేతులూ ఎత్తి ఆయనకి చూపించింది. వేళ్ళు ఇంకా వణుకుతూనే ఉన్నాయి. "నాకు భయమేస్తోందండీ. హాలు నిండా మిషన్లు. ఎక్కండి."

మావయ్య తాడు విప్పారు. పెట్టె తీశారు. చొక్కా గుండీ పైది పెట్టుకున్నారు, ఎప్పుడూ పనికి వెళ్ళేటప్పుడు పెట్టుకున్నట్టే. వెనక సీటు మీద ఎక్కి, పెట్టె ఒళ్ళో పెట్టుకుని, ఖాళీగా ఉన్న చెయ్యి ఆవిడ భుజం మీద వేశారు. అత్తయ్య కిక్కు కొట్టింది. రెండో కిక్కుకి లేచింది. వీధి చివర మలుపు తిరుగుతూ ఆవిడ ఎవరో సైకిలువాణ్ణి తిడుతున్న కేక నాకు వినపడింది. ఆ తిట్టు వింటుంటే నాకు కళ్ళమ్మట నీళ్ళొచ్చాయి. ఎందుకు దాచాలి, వచ్చాయి.

సాయంత్రం మా ఆయన వచ్చేసరికి ఇల్లు ఖాళీగా ఉంది. "అమ్మా నాన్నా ఏరి?" అన్నాడు.

"పనికెళ్ళారు" అన్నాను.

"ఇద్దరూనా?"

"ఇద్దరూనే" అన్నాను.